గురవమ్మ వేసిన వేషం

మైపాడులో ఎండుచేపలు అమ్ముకునే గురవమ్మ ఒక సినిమాలో నటించింది. హీరో, పాటలు, పోలీసులు లేని హత్య సినిమా. తీసింది నెల్లూరు అమ్మాయి ఉషారాణి. అసలైన ముఖాలే కావాలని ఊళ్లోవాళ్లకే వేషాలిచ్చింది.

గురవమ్మది హంతకుడి భార్య వేషం. ఎవరినో చంపి ఇంటికొచ్చిన మొగుడు, అన్నం ఆలస్యమైందని ఆమె మీద చెయ్యెత్తాలి. ఉషారాణి అంతవరకే చెప్పింది. మొగుడి వేషం వేసిన కుర్రాడు చెయ్యెత్తగానే గురవమ్మ చెవి కమ్మలు రెండూ తీసి కొంగున ముడేసుకుని, గోడవైపు తిరిగి కూర్చుంది. ఉషారాణి దాన్ని అలాగే సినిమాలో ఉంచేసింది.

సినిమాను నెల్లూరులో ఒక చిన్న హాల్లో వేశారు. అయిపోయాక కాలేజీ పిల్ల ఒకతె అడిగింది: "కమ్మలు తియ్యాలని మీకెలా తోచిందండీ?"

"తియ్యకపోతే చెవి తెగుద్ది గదమ్మా. మాయన చేతిలో ఒకసారి తెగింది," అంది గురవమ్మ.

హాలంతా చప్పట్లు. కొందరు లేచి నిలబడి మరీ కొట్టారు.

బయటికొచ్చాక ఆమె ఉషారాణి చెయ్యి పట్టుకుంది. "అమ్మా, రెండ్రోజులు మీ ఇంట్లో ఉండనా? అక్కడ అనకూడని మాట అనేసినా. ఇంటికి పోవాలంటే భయంగా ఉండాది."

ఉషారాణి ఫోన్ మోగుతూనే ఉంది. "రేపు తప్పకుండా మాట్లాడుకుందామక్కా," అని ఆటో ఎక్కించింది.

ఆమె మాటలను హాల్లో ఎవరో తీసిన వీడియో గురవమ్మకన్నా ముందే ఊరు చేరింది. మొగుడు ముత్యాలయ్య వాకిట్లోనే కూర్చుని ఉన్నాడు.

"నా పరువు నెల్లూరులో పంచిపెట్టినావంటనే?" అన్నాడు.

ఆ రోజు ఆమె కేకలు వీధంతా విన్నది. ఎవరూ రాలేదు. ఇన్నేళ్లూ ఆమె దెబ్బలకు పసుపు నూరిచ్చిన పక్కింటి మహాలక్ష్మి కూడా, "కెమెరా ముందు చెప్పుకునే మాటా అది?" అని మొహం తిప్పుకుంది. ఆ తర్వాత ఆడవాళ్లు చేపలు ఆరబోసేటప్పుడు ఆమెకు ఎడంగా కూర్చునేవాళ్లు. చివరికి గురవమ్మే దూరం జరిగి, ఇసకలో ఒక్కతే ఆరబోసుకునేది.

రెండు వారాలకు ఉషారాణి వచ్చింది. సినిమాకి ఏదో బహుమతి వచ్చిందట. మాట సగంలో గురవమ్మ వాచిన కన్ను చూసి ఏడ్చేసింది. "నాతో వచ్చెయ్యక్కా, ఇప్పుడే పోదాం."

"వస్తే ఎన్నాళ్లు పెట్టుకుంటావు?"

ఉషారాణి కళ్లు తుడుచుకుంటూ చేపల పక్కనే నిలబడిపోయింది.

గురవమ్మ వంగి చేపలు తిరగేసుకుంటూ అంది: "కొంచెం జరుగమ్మా, ఎండకు అడ్డమున్నావు."