మాలకొండమ్మ వాక్కాయ జాడీ

మా పక్కింటి మాలకొండమ్మ తన నీడను కూడా నమ్మదు. నేనిచ్చిన గిన్నె అయినా సరే, అటూ ఇటూ తిప్పి చూసిగానీ లోపల పెట్టుకోదు. కానీ ఆమె చేసే వాక్కాయ తీపి పచ్చడికి మా చేపలరేవు జువ్వలదిన్నె అంతా లొట్టలేస్తుంది. బెల్లం పాకంలో ఎర్రగా ఉడికిన వాక్కాయలు, ఎండు ఖర్జూరం, కిస్‌మిస్, జీడిపప్పు. అది నాలుక్కి తగిలితే ఆమె నోటిదురుసు కూడా మరిచిపోతాం.

ఈ ఏడు జాడీ మూత తీస్తే నీచు కొట్టింది. చేపలు కోసిన చేత్తో జాడీ ముట్టకూడదని వాళ్ళింట్లో కట్టడి. అనుమానమంతా కోడలు వాణి మీదికి పోయింది. అల్లూరు దగ్గర వరి పండించేవాళ్ళ పిల్ల. చేపలు కోయడం ఇక్కడికొచ్చాకే నేర్చుకుంది.

"చేతులు చూపియ్యి" అంది మాలకొండమ్మ. పిల్ల చాచిన చేతులు ముక్కుకు ఆనించుకుని మరీ వాసన చూసింది. నాకు ఒళ్ళు మండింది.

"నేను ముట్టుకోలేదత్తా. ఇంకోసారి ఇట్టా వాసన చూస్తే, ఆదివారం మాయమ్మ వస్తాది గదా, ఆమెతో పోతా. మళ్ళా రాను."

ఆ గొంతులో ఏడుపు లేదు. అందుకే నాకు భయమేసింది.

శనివారం మాలకొండమ్మ మళ్ళీ కాయలు తెచ్చింది. వాణిని వంటింటి గడప తొక్కనివ్వలేదు. నన్ను సాక్షిగా కూర్చోబెట్టుకుని, సగం కాయలు చీల్చి, గింజలు తీసి, జిగురు పోవడానికి ఉప్పునీళ్ళలో వేసింది. కాసేపటికి ఆ నీళ్ళలోంచే నీచు వాసన.

ఇద్దరం ఉప్పుకుండ వైపు చూశాం. కిందటి నెల, మొదటి జాడీ పెట్టకముందు, చేపలు ఎండబెట్టగా మిగిలిన ఉప్పును, ఉప్పంటే లక్ష్మి, పారబోయకూడదని, మాలకొండమ్మే ఆ కుండలో కలిపేసింది. ఇంట్లో రోజూ చేపల పులుసే కాబట్టి తేడా తెలియలేదు.

"ఎవరో కలిపినారు..." అని మొదలుపెట్టి, నా మొహం చూసి ఆగిపోయింది.

వాణి అప్పటికే బట్టలు సర్దుకుంటోంది.

"తప్పు నాదే. నీచు ఉప్పుకుండలో ఉండాది. రా, ఈసారి నువ్వే చెయ్యి" అంది మాలకొండమ్మ. ఇరవై ఏళ్ళలో ఆ నోట ఆ మాట వినడం నాకదే మొదలు.

వాణి లేచి, అంగట్లోంచి కొత్త ఉప్పు తెచ్చుకుని, మిగిలిన కాయలతో పచ్చడి పొయ్యి మీద పెట్టింది. కలపబోయి అత్త చెయ్యి చాస్తే గరిటె వెనక్కి లాక్కుంది.

"చేతులు చూపీండత్తా."

మాలకొండమ్మ నా వైపు చూసింది. నేను తల తిప్పుకున్నా. ఆమె రెండు చేతులూ చాచింది. వాణి వంగి, తీరిగ్గా వాసన చూసి, అప్పుడు గరిటె ఇచ్చింది.

ఆదివారం వాణి వాళ్ళమ్మ కొత్త పచ్చడి జాడీ ఒళ్ళో పెట్టుకుని ఒక్కతే బస్సెక్కింది.