వీరమాత గాజుగ్లాసు

టీకొట్టులో గీతల గాజుగ్లాసు కనిపిస్తే నాకు మా పెదనాన్న ప్రధానమంత్రి వేషం గుర్తొస్తుంది.

తొంభైల్లో, మద్రాసు జార్జి టౌన్‌లో పగలంతా పప్పులమ్మే పెదనాన్న సాయంత్రాలు మా మేడ మీద యుద్ధనాటకం రిహార్సల్ చేయించేవాడు. సిపాయిలంతా తోటి వ్యాపారులే. బొజ్జలు మోసుకుంటూ సరిహద్దు కాసేవాళ్లు. కొడుకును పోగొట్టుకున్న వీరమాత వేషానికి మాత్రం కోడంబాక్కం నుంచి ఒక నటిని పిలిపించారు. ప్రధానమంత్రి వేషంలో పెదనాన్న ఆమె కాళ్లమీద పడి, "వీరుల రక్తానికి కులం లేదు తల్లీ!" అని వెక్కివెక్కి ఏడ్చేవాడు.

తర్వాత కాఫీ వచ్చేది. అందరికీ స్టీలు లోటాల్లో, ఆమె ఒక్కదానికే గాజుగ్లాసులో. వీరమాత కాబట్టి అంత మర్యాద అనుకున్నాను. ఒకరోజు, "నాకూ దాంట్లోనే కావాల" అని చెయ్యి చాపాను.

"ఛీ! దాన్ని ముట్టబాకే!" పెదనాన్న అరిచిన అరుపుకి పెట్టుడుమీసం సగం ఊడింది. అది మర్యాద కాదు, మైల అని నాకు తర్వాతెప్పుడో అర్థమైంది.

ఆమెకి అప్పుడే అర్థమైంది. నిదానంగా కాఫీ తాగి, గ్లాసు తనే కడిగి, మెట్ల కింద గూట్లో బోర్లించి వచ్చింది. చీర కుచ్చిళ్లు సర్దుకుని పెదనాన్న ముందు నిలబడింది.

"టైమైంది సార్. రండి, కాళ్లమీద పడండి."

పెదనాన్న మీసం అంటించుకుని పడ్డాడు.