రెండు ముక్కల పేరు

మా మనవరాలి పేరు నేను మొదట చూసింది ఫ్రిజ్ తలుపు మీద. కోడలి పురిటికి సిడ్నీ వచ్చి, క్వేకర్స్ హిల్‌లో కొడుకింట్లో ఉన్నాను. బారసాలకు ఇంకా నాలుగు రోజులుంది. కోడలు తెలుగులో రాసి అంటించిన కాగితాన్ని కూడబలుక్కుని చదివాను. నాలుగక్షరాలు, నడుమ ఒక గీత.

అలాంటి పేరు ఎక్కడా వినలేదు. అర్థమేమిటని అడిగితే, ముందు ముక్కకు వెలుగు, వెనక ముక్కకు తీగ అని చెప్పింది.

"వెలుగు తీగంటే కరెంటు తీగా అమ్మాయ్?" అన్నాను.

"యునీక్‌గా ఉంటుంది అత్తయ్యా. ఇక్కడి టీచర్లకి కూడా ఈజీ," అని నవ్వేసి, పాపను ఎత్తుకుని లోపలికి వెళ్లిపోయింది.

నాకు ఆ నవ్వు మీదే అనుమానం. ముందు ముక్క కోడలి వాళ్లమ్మ పేరులోది. అందులో దాపరికమేమీ లేదు. వెనక ముక్క సంగతే ఎవరూ ఎత్తడం లేదు. అది మా అత్తగారి పేరులోది.

పుట్టింట్లో నా పేరూ అదే. పెళ్లయి వచ్చిన రోజునే తీసేశారు. పెద్దావిడ పేరు పెట్టి కోడల్ని ఎలా పిలుస్తాం, కోపమొస్తే ఎలా తిడతాం అన్నారు. గుమ్మంలోనే ఇంకో పేరు పెట్టారు. రేషన్ కార్డులో, పాస్‌పోర్టులో ఉన్నది అదే. మా అబ్బాయికి తెలిసిందీ అదొక్కటే.

వాణ్ణి పెంచింది మా అత్తగారు. సాయంత్రం వాడు పెరట్లో బార్బెక్యూ పొయ్యి తుడుస్తుంటే వెళ్లి కదిపాను.

"నానమ్మ పేరు కలిసొచ్చిందిగా. నీకు నచ్చలేదా?" అన్నాడు.

నచ్చిందన్నాను. మర్నాడంతా కోడలితో ముక్తసరిగా మాట్లాడాను. వాళ్లమ్మకు సగం, మా అత్తకు సగం పంచేసి, పురిటి పనులకు మాత్రం నన్ను పిలిపించుకున్నారనుకున్నాను. పాప లేస్తుందని వాళ్లు గొంతు తగ్గించుకుంటే, నా గురించే చెప్పుకుంటున్నారనిపించేది.

బారసాల ముందురోజు కోడలు వంటింట్లోకి వచ్చి ఒక పాత నోటుపుస్తకం బల్ల మీద నా ముందు పెట్టింది. మూడేళ్ల కిందట నేను వచ్చినప్పుడు, అరవై దాటిన నాచేత ఆ బల్ల దగ్గరే అక్షరాలు దిద్దించింది తనే. మొదటి పేజీ తెరిచింది.

"మీ పేరు రాయమంటే ఇది రాశారు అత్తయ్యా. పాస్‌పోర్ట్‌లో వేరే ఉందేంటని అడిగితే టాపిక్ మార్చేశారు. నేను తీసుకుంది ఇక్కణ్ణుంచి."

వంకర టింకర అక్షరాలు. నావే.

"మరి వాడు నానమ్మదంటున్నాడే?"

"అలాగే అనుకోనిచ్చాను. మీరు చెప్పని సంగతి నేనెలా చెప్తాను?"

అది నిజమో, నా ముఖం చూసి అప్పటికప్పుడు అల్లిందో ఇప్పటికీ తేల్చుకోలేను. మా కోడలు తెలివైనది.

మర్నాడు పళ్లెంలో బియ్యం పరిచి, కొడుకు ఉంగరంతో పేరు రాయడం మొదలుపెట్టాడు. ముందు ముక్క అయ్యాక చెయ్యి చాపి ఉంగరం అడిగాను. వాడు విస్తుపోతూ ఇచ్చాడు. వెనక ముక్క నేనే రాశాను. చివరి అక్షరం దగ్గర బియ్యం జారిపోతే మళ్లీ దిద్దాను.

మా వియ్యపురాలు హైదరాబాదు నుంచి ఫోన్‌లో చూస్తోంది.

"వదినా, ముందు ముక్క నాదే సుమండీ. మరి వెనకది ఎవరిది?"

మా అబ్బాయి నోరు తెరవబోయాడు.

"నాది," అన్నాను.

వాడు పళ్లెం వైపు చూశాడు, తర్వాత నా వైపు. కోడలు మాత్రం పాప గుడ్డలు సర్దుతూ తలెత్తలేదు.