పళ్ళ దీనమ్మ

మా ఆసుపత్రిలో ఆవిడకి పళ్ళ దీనమ్మ అని పేరు పెట్టింది నేనే. వెటకారానికే పెట్టాను, దాచుకోవడం ఎందుకు? కాంపౌండరు చిట్టియ్య అంటే ఆ రోజుల్లో రాజమహేంద్రవరంలో పదిమందికీ తెలుసు. సీసాల మీద ఇంగ్లీషు పేర్లు గడగడా చదివేవాణ్ణి. ఆ పొగరు కొంచెం ఎక్కువగానే ఉండేది. ఆవిడేమో పుళ్ళు కడిగి కట్లు కట్టే మనిషి. తెలుగు బైబిలు మీద వేలు పెట్టి, అక్షరం అక్షరం కూడబలుక్కుని చదివేది.

ఆవిడ తండ్రి కడియం దగ్గర ఒక రైతు ఇంట్లో పాలేరు. సంతలో ఎద్దుల్ని కొనాలంటే ఆ రైతు ఇతన్ని వెంటబెట్టుకుని వెళ్ళేవాడట. ఎద్దు నోరు తెరిచి పళ్ళూ చిగుళ్ళూ చూసి దాని వయసు, తిన్న మేత, లోపలున్న రోగం అన్నీ చెప్పేసేవాడు. వెనకాలే తిరిగిన కూతురికి ఆ చూపు అబ్బింది. పెళ్ళయిన నాలుగేళ్ళకి మొగుడు కలరాలో పోతే ఆసుపత్రిలో ఊడ్చే పనికి చేరింది. ఊడుస్తూ ఊడుస్తూ కట్లు కట్టడం నేర్చుకుంది. ఎవరొచ్చినా ఆవిడ మొదటి మాట ఒకటే, "ఏదీ, నోరు తెరు." కాలు విరిగి వచ్చినవాణ్ణి కూడా వదిలేది కాదు.

"కాలు విరిగితే పళ్ళతో పనేంటి దీనమ్మా?" అని నేను ఏడిపించేవాణ్ణి.

"తిండి వెళ్ళే దారి కదండీ, చూసుకోవద్దా?" అనేసి తన పని తాను చేసుకునేది.

1909 వానాకాలంలో లోవమ్మ అనే జాలరి మనిషిని కాకినాడ కాలవ మీద పడవలో తీసుకొచ్చారు. ఉప్పాడ వైపు ఊరు. ముప్పై ఏళ్ళు ఉంటాయేమో. ఏడాదిన్నర కిందట వల దులుపుతుంటే జెల్ల చేప ముల్లు పిక్కలో దిగిందట. పైన మానింది కానీ చీలమండ దగ్గర చిన్న కన్నం పడి, అందులోంచి చీము కారుతూనే ఉంది. లోపల ఎముక కుళ్ళిందేమోనని మా డాక్టరు దొరగారికి అనుమానం. అదే అయితే మోకాలి కింద కాలు తీసెయ్యాలి. దొరగారి తెలుగు పుస్తకాల తెలుగు కాబట్టి ఆ మాట ఆమెకి చెప్పే పని నా మీద పడింది. చెప్పాను. ఆమె ఏడవలేదు.

"మరి తట్ట ఎవరు మోత్తారండీ?" అంది.

మొగుడు సముద్రంలో పోయాడు. ఇద్దరు పిల్లలు. చేపల తట్ట నెత్తిన పెట్టుకుని ఊళ్ళు తిరిగి అమ్మితేనే ఇంట్లో పొయ్యి వెలుగుతుంది. ఆ కాలు పోతే ముగ్గురి కూడు పోయినట్టే.

అప్పటికే మా ఆసుపత్రిలో ఎక్స్‌రే మిషను ఉంది. ఇప్పటిలా కరెంటుది కాదు, చేత్తో తిప్పే గాజు చక్రాలది. ఇద్దరు మనుషులు చెమటలు కక్కుతూ తిప్పాలి. వానాకాలం చెమ్మకి అందులో మెరుపు పుట్టేదే కాదు. చుట్టూ బొగ్గుల కుంపట్లు పెట్టి దాన్ని బాలింతలా కాచుకునేవాళ్ళం. తిప్పగా తిప్పగా గాజుపలక మీద ఎముకల బొమ్మ పడింది కానీ మాకు కావలసింది పడలేదు. కన్నం నుంచి లోపలికి వెళ్ళిన దారి కండలో ఉంది, కండలో దారి ఎక్స్‌రేకి ఆనదు. అది ఎముక దాకా వెళ్ళిందా లేదా అన్నదే అసలు ప్రశ్న.

దానికి ఒక ఉపాయం దొరగారు సీమ నుంచి ఓడలో వచ్చే డాక్టర్ల పత్రికలో చదివారు. బిస్మతు అనే తెల్లపొడిని వాజలీనులో నూరి, వేడిచేసి, పిచికారీతో కన్నంలోకి ఎక్కించాలి. ఎక్స్‌రే ఆ పొడిని దాటి పోలేదు కాబట్టి బొమ్మలో దారి మొత్తం తెల్లగా కనపడుతుంది. అంతేకాదు, ఆ ముద్దని లోపలే ఉంచేస్తే పుండు కూడా మానుతుందట. వినగానే నాకు హుషారొచ్చింది. రాతి కల్వంలో పొడిని వెన్నలా నూరాను.

"లోపలే ఉండిపోతే ఒంటికేమీ అవదాండీ?" అని దీనమ్మ అడిగింది.

దొరగారు దాచే మనిషి కాదు. ఒంటికి పడకపోతే చిగుళ్ళ అంచున నల్లగీత వస్తుందని చదివాననీ, చాలా అరుదనీ చెప్పారు.

"అయితే ఇవాళ వద్దండి. ఈ మనిషి అడ్డపొగ తాగుతుంది" అంది దీనమ్మ.

అడ్డపొగ అంటే చుట్టని నిప్పున్న కొస నోట్లో పెట్టుకుని పీల్చడం. సముద్రపు గాలికి నిప్పు ఆరిపోకుండా ఆ వైపు ఆడవాళ్ళు అలా తాగుతారు. లోవమ్మ నోరంతా మసే. ఆ నోట్లో నల్లగీత పడితే ఏ దేవుడికి కనపడుతుంది? ఎనిమిది రోజులు చుట్ట మాన్పించి, ఉప్పుతో తోమించి, చిగుళ్ళు తేటపడ్డాక మందు ఎక్కించమని ఆవిడ వాదన. కాలు పోయేలా ఉంటే నోరు తోమించడమేంటని నేను సణిగాను. దొరగారు మాత్రం ఆగుదామన్నారు.

లోవమ్మకి ఒళ్ళు మండింది. "నా పళ్ళు సూడ్డానికి నేనేమైనా సంతకొచ్చిన ఎద్దునా అక్కా?" అంది.

"ఎద్దయితే ఇంత గోల చెయ్యదే. ఆ చుట్టల కట్ట ఇలా ఇయ్యి. నీ రెండు కాళ్ళ మీద నువ్వు నడిచెళ్ళే రోజున నీ చేతిలో పెడతాను."

కట్ట దీనమ్మ రేకుపెట్టెలోకి వెళ్ళింది. ఎనిమిది రోజుల తర్వాత ముద్ద ఎక్కించాం, కుంపట్లు రాజేశాం, చక్రాలు తిప్పాం. గాజుపలక వెలుతురుకి పెట్టి చూస్తే తెల్లటి దారి స్పష్టంగా ఉంది. ఎముక జోలికి పోకుండా పిక్క వెనక్కి పాకి, అక్కడ చిన్న సంచిలా ఆగిపోయింది. ఎముక శుభ్రంగా ఉంది. కాలు తియ్యక్కర్లేదని లోవమ్మకి నేనే పరిగెత్తుకెళ్ళి చెప్పాను. ముద్దని లోపలే ఉంచేశాం. వారం తిరిగేసరికి చీము సగానికి సగం తగ్గింది. ఆ ముద్ద నూరినవాణ్ణి నేనేనని ఊళ్ళో చెప్పుకు తిరిగాను.

దీనమ్మ మాత్రం రోజూ పొద్దున్నే లోవమ్మ నోరు తెరిపించేది. పన్నెండో రోజున దొరగారిని పిలుచుకొచ్చింది. చిగుళ్ళ అంచున సన్నటి నల్లగీత ఉంది.

"దొంగతనంగా చుట్ట కాల్చుంటుందండి" అన్నాను నేను.

లోవమ్మ తలుపులమ్మ తల్లి మీద ఒట్టేసింది. ఎవరు నమ్ముతారు, నేనైతే నమ్మలేదు. దొరగారూ తటపటాయించారు. మానుతున్న పుండు అది. ముద్ద తీసేస్తే చీము మళ్ళీ తిరగబెట్టి కాలికే ముప్పు రావచ్చు.

దీనమ్మ లోవమ్మ కింది పెదవిని వేలితో కిందికి లాగింది. "ఇక్కడ చూడండి. ఈ మనిషికి కింద రెండు పళ్ళు లేవు. పళ్ళున్నంత మేరా గీత ఉంది. లేనిచోట చిగురు ఎర్రగా, తేటగా ఉంది. చుట్టపొగ పళ్ళున్నచోటు వెతుక్కుని అంటుతుందాండీ? నిన్నటి నుంచి గంజి కూడా దిగట్లేదు ఈ పిల్లకి."

నేను వంగి చూశాను. ఆవిడ చెప్పింది చెప్పినట్టే ఉంది. పదహారేళ్ళుగా మందులు కలుపుతున్న నాకు ఆ తేడా కంటికి ఆనలేదు.

"తీసేత్తే కాలు పోద్దా అక్కా?" అని లోవమ్మ అడిగింది.

"తెలీదే. తియ్యకపోతే మనిషివే పోతావేమో."

లోవమ్మ తన కాలికేసి చూసుకుంది. "తీసేయండి" అంది.

ఎలా తియ్యడం? గీకితే లోపల కండ చీరుకుని మందు మరింత రక్తంలోకి పోతుందని దొరగారి భయం. దీనమ్మే అంది, "పనసపండు జిగురు చేతికి అంటుకుంటే గీకుతామాండీ? నూనె రాస్తాం." ఆ మాటకి దొరగారు కుర్చీలోంచి చటుక్కున లేచారు. ముద్ద వాజలీనుది, నూనెలో కరుగుతుంది. నువ్వులనూనె మరగకాచి, గోరువెచ్చగా చల్లార్చి, పిచికారీతో ఎక్కించి, కాసేపు ఉంచి వెనక్కి లాగాం. లాగింది నేనే. మూడు రోజులు, పూటపూటా, తెల్లదనం రావడం ఆగేదాకా లాగాను. దీనమ్మ పక్కన కూర్చుని లోవమ్మ తల ఒళ్ళో పెట్టుకుని గంజి చెంచాతో పట్టింది. వారానికి ఆకలి పుట్టింది. గీత పోవడానికి మాత్రం చాలా రోజులు పట్టింది.

దారి ఎటుందో గాజుపలక చెప్పేసింది కాబట్టి దొరగారు తిన్నగా పిక్క వెనక కోశారు. ఆ సంచిలోంచి గోరంత జెల్ల ముల్లు ముక్క బయటపడింది. అట్లతద్ది నాటికి పుండు పూర్తిగా మానింది. కాలవ రేవు దాకా లోవమ్మ నడిచే వెళ్ళింది. దీనమ్మ వెంట వెళ్ళి చుట్టల కట్ట చేతిలో పెట్టింది. లోవమ్మ అక్కడే ఒకటి ముట్టించి నిప్పు కొస నోట్లో పెట్టుకుంటే, దీనమ్మ నెత్తిన మొట్టికాయ వేసింది. ఇద్దరూ నవ్వుతూనే కళ్ళు తుడుచుకున్నారు.

క్రిస్మస్ ముందర సీమ నుంచి కొత్త పత్రిక వచ్చింది. దొరగారు వరండాలో నిలబడి చదివి, దీనమ్మని పిలిచి, తెలుగులో చెప్పమని నాకిచ్చారు. ఆ పొడి ముద్ద లోపలే ఉంచడం వల్ల కొన్నిచోట్ల మనుషులు చనిపోయారు. చిగుళ్ళ మీద నల్లగీత కనపడగానే గోరువెచ్చని నూనెతో కడిగి తీసెయ్యాలి.

"దీనమ్మా, నువ్వు చేసిందే వాళ్ళు రాశారు" అన్నాను. ఆవిడ పొంగిపోతుందనుకున్నాను. నాకే గర్వంగా ఉంది.

ఆవిడ చేతిలోని గుడ్డపట్టీ చుట్టడం ఆపేసింది.

"చచ్చిపోయినవాళ్ళ నోళ్ళు ఎవరూ చూడలేదాండీ?" అని అడిగింది.

దొంగతనంగా చుట్ట కాల్చిందని లోవమ్మ మీద ఆ రోజు నేను మోపిన నింద గుర్తొచ్చి, పత్రిక మడిచి పక్కన పెట్టేశాను.