కారం అంటని రెండు రోజులు

వాయిదాకి రెండు రోజుల ముందు నుంచీ నేను మిరపకాయ ముట్టుకునేదాన్ని కాదు. కల్లంలో నాతోపాటు కూలికి రంగుపోయిన తాలుకాయలు ఏరేవాళ్ళు, "ఏమే, దొరసానివైపోయావా?" అని ఆటపట్టించేవాళ్ళు. అననీ! ఎంత సబ్బుతో తోమినా మిరప మంట ఒక పట్టాన వదలదు. ఆ చేతులతో నా కూతురి బుగ్గలు ఎలా పట్టుకోను?

మేం విడిపోయినప్పుడు దానికి మూడేళ్ళు. వాళ్ళ నాన్న తీసుకెళ్ళిపోయాడు. పాప నా దగ్గరే ఉండాలని ఫ్యామిలీ కోర్టులో కేసు వేశాను. అది తేలేదాకా వాయిదా రోజున, కోర్టులోనే, ఒక్క గంట చూడనిచ్చారు. ఒకసారి అవతలి లాయరుకి జ్వరం, ఒకసారి ఆయనకి కాగితాలు దొరకలేదు, ఇంకోసారి సాక్షి ఊళ్ళో లేడు. అలా నాలుగేళ్ళు! పాపకి పాలపళ్ళు ఊడి కొత్తవి వచ్చాయి, కేసు మాత్రం ఉన్నచోటే ఉంది. నాకు ఒళ్ళు మండిపోయేది.

ఒకరోజు బ్రాడీపేటలో మా లాయరమ్మ ఆఫీసుకెళ్ళి బల్ల గుద్దినంత పని చేశాను.

"హైకోర్టుకి వెళ్దాం. కేసు త్వరగా తేల్చమని ఈ కోర్టుకి చెప్పండని అడుగుదాం," అందావిడ.

"అయ్యో మేడమ్, ఇక్కడి జడ్జి గారికి కోపం రాదాండీ? పైవాళ్ళకి చాడీలు చెప్పాననుకోరూ?"

"చాడీలేంటమ్మా! వాయిదాలు అడిగేది మీ ఆయన తరఫువాళ్ళు. జడ్జి గారికీ విసుగ్గానే ఉంటుంది. ముందు సంతకం పెట్టు."

పెట్టాను.

ఫోనొచ్చినప్పుడు కల్లంలో మిరపకాయల మధ్య కూర్చుని ఉన్నాను. "ఆర్డరొచ్చిందమ్మా! మూడు నెలల్లో తేల్చెయ్యాలన్నారు!" అంది లాయరమ్మ. మూడే నెలలు! ఎగిరి గంతేశాను. కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి. ఆ ఊపులో రెండు చేతులతోనూ కళ్ళు తుడుచుకున్నాను. పుట్టి బుద్ధెరిగిన దగ్గర్నుంచీ మిరపకాయల్లో బతికినదాన్ని, చూడండి నా తెలివి! వామ్మో, ఇంక చూస్కో! కళ్ళు మూసుకుని "మూడే నెలలు, మూడే నెలలు" అని నేను అరుస్తుంటే, ఒకావిడ చెంబుడు మజ్జిగ తెచ్చి మొహాన పోసింది. అందరూ పగలబడి నవ్వారు. నేనూ నవ్వాను.

ఇక వాయిదాలు వారం వారం పడ్డాయి. మూడో నెల నిండకముందే తీర్పు వచ్చింది. పాప నా దగ్గరే ఉండాలి, ఆదివారాలు వాళ్ళ నాన్న వచ్చి చూడొచ్చు.

కోర్టు వరండాలో పాప ఎప్పట్లాగే ముందు నా అరచేతులు వాసన చూసింది. కారం లేదని తేల్చుకున్నాకే బుగ్గ ఇచ్చింది.

"మళ్ళీ వాయిదా ఎప్పుడమ్మా?"

"ఇంక వాయిదాల్లేవే, బంగారం!"

దాని మొహం వాడిపోయింది. వాయిదా లేకపోతే అమ్మ రాదనుకుంది, పిచ్చిది.

"నువ్వే నాతో వచ్చేస్తున్నావే! మనింటికి! ఇంక రోజూ నా దగ్గరే!"

అది నా అరచెయ్యి తిప్పి మళ్ళీ ఓసారి వాసన చూసింది.

"మరి రోజూ నీ చేతులకి కారం ఉంటుందిగా?" అంది. "పర్లేదులేమ్మా. నువ్వు ముట్టుకోకు. నేనే పట్టుకుంటాలే నిన్ను."