మా అవ్వను రాసిచ్చిన ఏడాది

కరోనా సద్దుమణిగిన మరుసటి వేసవిలో నన్ను ఒక రెడీమేడ్ దుస్తుల కంపెనీ మేనేజింగ్ డైరెక్టరు కోసం రాసే పనిలో వేశారు. అప్పటికి నేను బెంగళూరులోని ఒక పీఆర్ ఏజెన్సీలో సీనియర్ రైటర్ని. ఒక క్లయింటుకు సంబంధించిన పని మొత్తాన్ని మా వృత్తిలో అకౌంట్ అంటారు. దాని మీద ఒక డైరెక్టరు, ఆయన కింద మేనేజరు, ఆ కింద నాలాంటి రైటరు ఉంటారు. క్లయింటుతో మాట్లాడేది పైవాళ్ళు. క్లయింటుగా మాట్లాడేది రైటరు.

మా విభాగం పని పెద్ద అధికారులను ‘థాట్ లీడర్లు’గా నిలబెట్టడం. కంపెనీ యజమాని తన సరుకు గురించే కాక పనివాళ్ళ గురించి, నాయకత్వం గురించి లోతుగా ఆలోచించే మనిషని నలుగురికీ తెలియాలి. అందుకోసం ఆయన పేరుతో పత్రికల్లో వ్యాసాలు, సోషల్ మీడియాలో పోస్టులు, కాలేజీల్లో ఉపన్యాసాలు వస్తూ ఉండాలి. అవన్నీ మేము రాసేవే. రాసింది మేమని ఎవరికీ, ఇంట్లోవాళ్ళకు కూడా, చెప్పబోమని సంతకం పెట్టి ఇస్తాం.

ఆ క్లయింటును ఆదినారాయణగారు అందాం. ఫ్యాక్టరీ హిందూపురం నుంచి పెనుకొండ పోయే దారిలో ఉంది. నాది హిందూపురం. ఆ ప్రాంతం మాట తెలిసిన మనిషి కావాలని నన్ను ఎంచారు.

ఏ అకౌంటైనా ఒక సుదీర్ఘ ఇంటర్వ్యూతో మొదలవుతుంది. మా దగ్గర ఒక ప్రశ్నల పట్టిక ఉంటుంది, జవాబులు రికార్డు చేస్తాం. అందులో అన్నిటికన్నా విలువైన గడి బాల్యం. అభిప్రాయాలను పాఠకులు శంకిస్తారు కానీ, జ్ఞాపకాలను శంకించరు. ఆదినారాయణగారు యంత్రాల గురించి, షిఫ్టుల గురించి, ఆడ కార్మికుల బస్సుల గురించి తడుముకోకుండా చెప్పారు. బాల్యం దగ్గరికి వచ్చేసరికి కిటికీలోంచి పెనుకొండ కొండ వైపు తిరిగారు.

“చెప్పేదానికి ఏమీ లేదు మేడం. నన్ను కన్న కొన్నాళ్ళకే అమ్మ పోయిందంట. నాయన తాలూకాఫీసులో గుమాస్తా, నన్ను హాస్టల్లో వేసినాడు. హాస్టలుకు ముందరిది నాకేం గుర్తులేదు.”

కొంచెమైనా లేదా అని అడిగాను. “గోడ మాదిరి ఉంటాది” అన్నారు, అదేదో మామూలు సంగతి అన్నట్టుగా.

ఆ గడి ఖాళీగా వదలడానికి లేదని మేనేజరు అన్నాడు. మూడు రోజులు ఏమేమో అల్లి చూశాను, ఏదీ నిలవలేదు. చివరికి మా అవ్వను రాశాను.

అమ్మ గోరంట్లలో టీచరుగా ఉన్నన్నాళ్ళు, ఎనిమిదేళ్ళు వచ్చేదాకా నేను ధర్మవరంలో అమ్మమ్మ దగ్గర పెరిగాను. ఆమె పేరు నాగమ్మ. మగ్గం గుంటలో కాళ్ళు పెట్టుకుని కూర్చుని పట్టుచీరలు నేసేది. మగ్గం నుంచి కోసి తీసిన చీరను తిరగేసి, వెనకపక్క వేలితో తడిమి చూసేది. పని ఎట్లుందో వెనకపక్కే తెలుస్తుందని అనేది. ఆ మాటను పట్టుకుని ‘నాణ్యత గురించి మా అవ్వ నాకు నేర్పింది’ అని వ్యాసం రాసి, ‘మనవరాలు’ అన్నచోట ‘మనవడు’ అని మార్చాను. ప్రతి రాతనూ క్లయింటు చదివి ఒప్పుకోవాలి, దాన్ని అప్రూవల్ అంటాం. ఆయన నుంచి ‘ఓకే’ అని ఒక్క మాట వచ్చింది.

వ్యాసాన్ని చాలామంది చదివారు. ఒక తెలుగు పత్రిక నెలనెలా కాలమ్ అడిగింది. ప్రతి నెలా అవ్వ వచ్చేది. వీధి కుళాయి, నీలం తలుపు, కండెలు చుట్టే రాట్నం, అన్నీ ఒక్కొక్కటిగా ఇచ్చేశాను. ఆయన ఫోటోతో అచ్చయిన కాలమ్‌లను ధర్మవరంలో మా చిన్నమ్మకు పంపేదాన్ని. అవ్వ పోయాక ఆ ఇంట్లో ఉంటున్నది ఆమే. రాసింది నేనని చెప్పకూడదు కనుక, ఇందులో మన అవ్వలాంటి అవ్వ ఉంది చదువుకోండి అని మాత్రం ఆమె కోడలు రాజేశ్వరికి ఫోనులో చెప్పాను. మా వాళ్ళు పోల్చుకుని సంతోషపడతారని నా ఆశ.

ఆ ఏడాది చివర్లో హిందూపురంలో ఒక ఇంజనీరింగ్ కాలేజీలో ఆయన ఉపన్యాసం ఏర్పాటు చేశాం. రాసింది రాసినట్టు చెబుతున్నారా లేదా అని వెనక వరుసలో కూర్చుని ప్రతి చూసుకోవడం నా పని. అవ్వ దగ్గరికి వచ్చాక ఆయన కాగితం మూసేశారు. “మా అవ్వకు ఎడమచేతి చిటికెనవేలు కొన లేదు. అందుకే నాడెను వేరేగా పట్టుకునేది, ఇట్ల” అని, పోగును అటూ ఇటూ నడిపే ఆ కొయ్యను పట్టుకున్నట్టు చేత్తో చూపించారు.

తిరిగి వస్తూ కార్లో ఆయన పక్కన కూర్చుని, ఆ వేలి సంగతి ఎక్కడిదని అడిగాను.

“మీరు రాసిందే కదా మేడం.”

ఇంటికి వచ్చి అన్ని ప్రతులూ వెతికాను. కొట్టేసిన వాక్యాలతో సహా మా దగ్గర భద్రంగా ఉంటాయి. వేలి మాట ఎక్కడా లేదు. నాకూ గుర్తులేదు. అవ్వ చెయ్యి ఎలా ఉండేదో తలుచుకోవడానికి ప్రయత్నిస్తే, వేదిక మీద ఆయన చూపించిన చెయ్యే కళ్ళముందుకు వచ్చింది.

తరువాతి పని, ఆయన మగ్గం ముందు కూర్చుని అవ్వ గురించి చెప్పే వీడియో. ధర్మవరం స్టేషను దగ్గర ఒక చీరల వ్యాపారి ఇంట్లో మగ్గం మాట్లాడి ఉంచాం. చిన్నమ్మ ఇంటి సంగతి నేను ఏజెన్సీలో ఎవరికీ చెప్పలేదు. మధ్యాహ్నం పన్నెండు దాటాక ఊళ్ళోకి వచ్చాం. కారు ముందు సీట్లో ఆదినారాయణగారు, వెనక మేనేజరు, కెమెరామన్, నేను. స్టేషను వైపు తిరగాల్సిన చోట ఆయన డ్రైవరు భుజం తట్టి, “ఈడ కాదప్పా, ముందుకు పోనీ” అన్నారు. ఆ తర్వాత ఎడమకు, మళ్ళీ ఎడమకు. ఎండకు వీధిలో ఒక్క మనిషి లేడు. ఎక్కడో ఒకే ఒక మగ్గం ఆడుతున్న చప్పుడు వినిపిస్తోంది. కారు కుళాయి దాటి నీలం తలుపు ముందు ఆగింది.

నేను రాసిన గుర్తులను బట్టి ఎవరైనా ఆ ఇల్లు పట్టుకోవచ్చని అప్పుడు నాకు నేను చెప్పుకున్నాను. తర్వాత కాలమ్‌లు తిరగేసి చూశాను. వీధి పేరు గానీ, మలుపులు గానీ నేను ఎక్కడా రాయలేదు.

చిన్నమ్మ గడపలో కూర్చుని కండెలు చుడుతోంది. చెయ్యి అడ్డం పెట్టుకుని చూసి, లేచింది.

“వచ్చినావా నాయనా. ఎన్నాళ్ళకు” అంది.

ఆయన వంగి ఆమె కాళ్ళు తాకారు. ఆమె ఆయన తల నిమిరింది. “మగ్గం పక్కన సాప మీద పండుకునేటోనివి. చప్పుడు ఆగితే చాలు, లేసి కూచుంటాంటివి. మా యమ్మ దానికే చప్పుడు ఆపకుండా నేస్తాండె.”

అది నా సంగతి. దాన్ని నేను ఏ వ్యాసంలోనూ వాడలేదు. కెమెరామన్ అప్పటికే తీస్తున్నాడు.

“చిన్నమ్మా, నేను” అన్నాను ముందుకు వచ్చి.

ఆమె కొత్తవాళ్ళను చూసినట్టు, మర్యాదగా చూసింది. “ఆయప్ప ఆఫీసులో చేస్తావామ్మా? కూచో. నీళ్ళు తెప్పిస్తా.”

లోపలి నుంచి రాజేశ్వరి వచ్చి గాబరాపడింది. “అత్తా, వసుంధరక్క గదా.”

“వసుంధర నాకు తెలీదా? అది గోరంట్లలో వాళ్ళమ్మ దగ్గర పెరిగింది. సెలవులకు తప్ప ఈడికి యాడొచ్చింది” అంది చిన్నమ్మ.

మతి తప్పిన మనిషి కాదు. కెమెరామన్‌కు ఎదురింటి పిల్లలందరి పేర్లూ వరసగా చెప్పింది. నేను అవ్వ ఎడమచెయ్యి గురించి అడిగాను. “చిటికెనేలి కొన లేదు” అంది వెంటనే. “ఆయప్పనడుగు, బాగా తెలుసు.”

వంటింట్లో రాజేశ్వరి నా చెయ్యి పట్టుకుంది. “నెలనెలా నువ్వు పంపిన పేపరు చదివి వినిపిస్తాంటి అక్కా. మళ్ళీ చదువు, మళ్ళీ చదువు అంటాండె. ఫోటో దిండు కింద పెట్టుకుంటాది. నువ్వు చెప్తే సరిపోతాది, చెప్పు.” చెప్పాను, ఆ రోజూ, తర్వాత రెండుసార్లు ఒంటరిగా వెళ్ళీ. సాక్ష్యం చెప్పడానికి అమ్మ లేదు, అవ్వతో నేను దిగిన ఫోటో ఒక్కటీ లేదు. చిన్నమ్మ అంతా ఓపికగా విని, “పెద్ద ఉద్యోగం చేస్తాండావు, నీకెందుకమ్మా ఈ పోరు” అనేది.

అవ్వను కాలమ్‌ల నుంచి తీసేయాలని మా డైరెక్టరుకు రాసి ఇచ్చాను. కారణం కూడా రాశాను. ఆయన కోప్పడలేదు. అది అబద్ధమని చెప్పేది ఎవరని అడిగారు. సంతకం పెట్టాను కాబట్టి నేను చెప్పలేను. క్లయింటు చెప్పడు. ఆ పెద్దామె కెమెరా ముందు నిజమంటోంది.

చివరికి నియమం దాటి, పైవాళ్ళకు చెప్పకుండా పెనుకొండలో ఆదినారాయణగారినే నేరుగా కలిశాను. ఆ అవ్వ మా అవ్వ అని చెప్పాను. ఆయన ఆశ్చర్యపోలేదు.

“రాసింది మీరే, నేను కాదన్లేదు. మీరు రాసినాక ఆ గోడ పోయింది మేడం. పొద్దున లేస్తే నాకు మగ్గం చప్పుడు ఇనపడతాది. ఆమె చెయ్యి కనపడతాది. అరవయ్యేళ్ళకు నాకొక అవ్వ దొరికింది. ఇప్పుడు దాన్ని ఎట్ల మర్చిపోమంటారు, చెప్పండి. నాకు చాతనైతే మర్చిపోతాను.”

ఆయన అబద్ధమాడటం లేదు. అంతకుముందు ఎంతోమంది క్లయింట్లు నా మాటలను తమవిగా చెప్పుకోవడం చూశాను. చెప్పేటప్పుడు వాళ్ళ కంట్లో ఒక చిన్న జంకు ఉండేది. ఆయన కంట్లో అది లేదు. ఆయన చిన్నతనంలో నిజంగా ఆ ఇంట్లో కొన్నాళ్ళు ఉన్నారేమోనని కూడా ఆలోచించాను. పాతవాళ్ళను అడిగాను. ఉన్నారని అన్నవాళ్ళంతా కాలమ్ చదివినవాళ్ళే. చదవనివాళ్ళకు ఆయనా గుర్తులేరు, నేనూ గుర్తులేను. వేలికీ మలుపులకీ నా దగ్గర ఈనాటికీ సమాధానం లేదు.

మరుసటి చలికాలం చిన్నమ్మ పోయింది. ఆదినారాయణగారు వచ్చి పాడె మోశారు. వీధిలోవాళ్ళు ఆయనకు దారి ఇచ్చారు. నేను ఆడవాళ్ళలో వెనక నిలబడ్డాను. సాయంత్రానికి ఆయన పేరుతో సంతాపం పోస్టు సిద్ధమైంది. రాసింది మా జట్టులో కొత్తగా చేరిన అమ్మాయి. పద్ధతి ప్రకారం తప్పులు దిద్దడానికి నాకే వచ్చింది. రెండు అక్షరదోషాలు సరిచేసి పంపాను.

ఆ తర్వాత రెండేళ్ళు పనిచేసి రిటైరయ్యాను. ఆ రెండేళ్ళలో క్లయింటు ఏమీ చెప్పని గడిలో ‘చెప్పలేదు’ అని రాసి, వ్యాసాన్ని వేరేచోట మొదలుపెట్టేదాన్ని. వాటిని తక్కువ మంది చదివారు. ఆ మాట నా వార్షిక నివేదికలో కూడా రాశారు. అది సరైన మాటే.

ఈ వృత్తిలోకి వచ్చే పిల్లలు అప్పుడప్పుడూ సలహా అడుగుతారు. వాక్యం ఇవ్వొచ్చు, అభిప్రాయం ఇవ్వొచ్చు, హాస్యం కూడా ఇవ్వొచ్చు అని చెబుతాను. మీ మనుషులను మాత్రం ఇవ్వకండి. పేరు మార్చి ఇచ్చినా ఇచ్చినట్టే. వాళ్ళు అవతలి మనిషికి నిజంగానే సొంతమవుతారు, మీరు వెళ్ళి పలకరిస్తే మంచినీళ్ళు ఇచ్చి కూర్చోమంటారు.