ఏడు గంటలకు ముందే వచ్చిన నీటికాకులు

2022 నవంబరు రెండో వారం. కలిదిండికి కాస్త అవతల, చేపపిల్లలు పెంచే ఐదెకరాల చెరువు. ఆ ఉదయం గట్టు మీద ఉన్నవి: ఆటోమేటిక్ ఫీడర్ ఒకటి, మేత బస్తాలు ఆరు, నీళ్ళలో మోగే స్పీకర్ ఒకటి, సోలార్ ప్యానెల్ ఒకటి, కెమెరా ఒకటి, పాత దోనె ఒకటి. ఉన్న మనుషులు ముగ్గురు: చెరువును కౌలుకు తీసుకున్న వరలక్ష్మి గారు, మేత వేసే పోతురాజు గారు, నేను. దూరంగా వెదురు గెడల మీద, మునిగి చేపలు పట్టే నీటికాకులు కొన్ని కూర్చుని ఉన్నాయి. వాటిని నేను లెక్కపెట్టలేదు.

తాడేపల్లిగూడెంలో ఇంజనీరింగ్ చదివి, ఏలూరులో ఫీడర్లు తయారుచేసే చిన్న కంపెనీలో ఫీల్డ్ ఇంజనీరుగా చేరి అప్పటికి రెండేళ్ళయింది. ఫీడర్ అంటే పెద్ద డబ్బా, దాని కింద మేతను గుండ్రంగా చిమ్మే మోటారు, దానికి ఒక టైమర్. అంతే. మా ఫీడర్‌కు నేను అదనంగా చేర్చింది స్పీకర్. మేత పడటానికి ఇరవై సెకన్ల ముందు అది నీళ్ళలో ఒక మోత మోగిస్తుంది. మోత వెనకాల మేత వస్తుందని చేపలు నేర్చుకుంటే అన్నీ ఒకేచోట చేరతాయి, మేత వృథా కాదు. దీన్ని కండిషనింగ్ అంటారు.

కొల్లేరు పక్క చెరువుల్లో మేత సంచుల్లో పెట్టడం వాడుక. సంచి అడుగున చిల్లులు పొడిచి, తవుడూ చెక్కా కలిపి నింపి, నీళ్ళలో పాతిన గెడలకు కడతారు. చేపలు ఆ చిల్లులను పొడుచుకుని తింటాయి. ఈ చెరువులో ఆ పని పోతురాజు గారిది. మిషను బిగించే ముందు మూడు రోజులు ఆయన పనిని గమనించి టైము రాసుకున్నాను. మొదటి రోజు ఆరూ ఇరవై. రెండో రోజు ఎనిమిదీ అయిదు. మూడో రోజు ఏడూ పది, అదీ చెరువు అవతలి చివర నుంచి. నోట్‌బుక్‌లో "క్రమం లేదు" అని రాసి కింద గీత గీశాను.

"రోజూ ఒకే టైముకి ఎందుకు వెయ్యరండి?" అని అడిగాను.

ఆయన దోనె కట్టేస్తూ నవ్వారు. "మనం వడ్డించే వేళ తెలిసిపోతే చుట్టాలు ఎక్కువైపోతారండి బాబూ." గడ్డం ఎత్తి గెడల వైపు చూపించారు. నేను హాస్యమనుకుని నవ్వాను.

టైమర్‌లో ఉదయం ఏడు, పదకొండు, సాయంత్రం నాలుగు అని పెట్టాను. వరలక్ష్మి గారు సంతోషించారు. "ఇంక పగలు ఇంటికెళ్ళి పడుకో పోతురాజూ. రాత్రి కాపలా చూసుకుని, పొద్దున్నే డబ్బా నింపేస్తే చాలు."

"ఆయ్, అలాగేనండి," అన్నారాయన.

ఇక్కడ ఒక మాట చెప్పాలి. చేపపిల్లల చెరువు మీద కాపలా మనిషికి జీతం కంటే ముందు ఉండాల్సింది మంచి పేరు. చీకట్లో ఒక్క వల లాగితే చెరువు సగం ఖాళీ అవుతుంది. అందుకే చుట్టుపక్కల వాకబు చేసి గాని ఎవరినీ పెట్టుకోరు. పోతురాజు గారికి ఆ పేరు ఇరవై ఏళ్ళ నుంచీ ఉంది.

ఆరో రోజుకు చేపలు నేర్చుకున్నాయి. మోత మోగగానే నీళ్ళు ఫీడర్ చుట్టూ వాన పడినట్టు చిటపటలాడాయి. కెమెరా తీసిన ఆ దృశ్యాన్ని పదకొండు మంది రైతులకు పంపించాను. గోరంత మెదడున్న ప్రాణి ఆరు రోజుల్లో నేర్చుకుందని పెంటపాడు దాకా చెప్పుకొచ్చాను. అదే పాఠం గెడల మీద ఇంకొకరు కూడా నేర్చుకుంటున్నారని నాకు తట్టలేదు.

నవంబరు చివర్లో పోతురాజు గారు ఫోన్ చేశారు.

"ఇంజనీరు గారూ, నీటికాకులు ఏడు కాకముందే వచ్చి ఫీడర్ పక్క గెడల మీద కూకుంటన్నాయండి. టైము మార్చండి బాబూ."

"పిట్టలు పొద్దున్నే వస్తాయి కదండి."

"వస్తాయండి. ఇదివరకు చెరువంతా తిరిగేయి. ఇప్పుడు తిరగటం లేదండి, కూకుని చూత్తన్నాయి."

"టైము మారిస్తే చేపలు తికమకపడతాయండి."

నేను చెప్పింది తప్పు. చేపలు నేర్చుకున్నది మోతను, గడియారాన్ని కాదు. రోజుకొక వేళ మోగించినా అవి వచ్చేవి. గడియారాన్ని నేర్చుకున్నవి పిట్టలు. నీళ్ళలోని మోత వాటికి వినపడదు. టైమర్ ప్రోగ్రాంలో ఒక్క లైను మారిస్తే సరిపోయేది.

రెండోసారి, కెమెరా మెమరీ కార్డు తీసుకోవడానికి నేను వచ్చేదాకా ఇంటికి వెళ్ళకుండా ఆగి మరీ చెప్పారు. "మీ కెమెరా ఓసారి చూడండి బాబూ. నా మాట వద్దు." చూస్తానన్నాను. కార్డును లాప్‌టాప్‌లోకి కాపీ చేసి, ఫోల్డర్‌కు తేదీ పేరు పెట్టి మూసేశాను. తర్వాత తీసిన కార్డులనూ అంతే చేశాను.

మూడోసారి డిసెంబరు మధ్యలో. "చేపలు కూడా రావటం మానేశాయండి. మోత మోగితే అవతలి గట్టుకి పారిపోతన్నాయండి." మీటింగులో ఉన్నాను, మళ్ళీ చేస్తానన్నాను. చెయ్యలేదు.

క్రిస్మస్‌కు ముందు వారం తేలిపోయిన మేత గట్టున పేరుకుని కుళ్ళు వాసన కొట్టడం మొదలుపెట్టింది. వరలక్ష్మి గారు అనుమానం వచ్చి వల వేయించారు. నన్నూ పిలిచారు. ఉండాల్సిన చేపపిల్లలో మూడో వంతు కూడా రాలేదు. పెద్ద చెరువుల వాళ్ళకు ఫిబ్రవరిలో చేపపిల్లలు ఇస్తానని ఆమె మాట ఇచ్చి ఉన్నారు.

వల లాగినవాళ్ళందరూ అక్కడే ఉన్నారు. ఆమె పోతురాజు గారి వైపు తిరిగారు.

"రాత్రంతా ఇక్కడుండేది నువ్వే కదా. పిల్ల కాళ్ళొచ్చి నడిచిపోయిందా?"

"పిట్టలండి అమ్మగారండి. ఇంజనీరు గారికి మూడుమాట్లు చెప్పానండి."

ఆమె నన్ను అడిగారు. "ఏవండీ, మీ కెమెరాలో పిట్టలున్నాయా?"

"నేను చూసినంతలో లేవండి," అన్నాను.

నేను చూసింది మొదటి వారం మాత్రమే. ఆ సంగతి చెప్పలేదు. ఫీడర్ లాగ్ తీసి, ఏ రోజు ఎంత మేత ఎన్ని గంటలకు పడిందో చూపించాను. అన్ని వరుసలూ సరిగ్గా ఉన్నాయి. మిషను తప్పు లేదని తేలాక, అక్కడ మిగిలిన మనిషి ఒక్కడే.

"నా ఇంటి ఉప్పు తిని..." అని వరలక్ష్మి గారు ఆగిపోయారు. మిగతాది వలవాళ్ళు పూర్తిచేసుకుని ఉంటారు. పోతురాజు గారు చేతిలోని గెడను దోనెలో పెట్టి, గట్టు వెంట నడిచి వెళ్ళిపోయారు.

ఆ ఫోల్డర్లు తెరిచింది పది రోజుల తర్వాత, వేరే రైతు కోసం వీడియో ఒకటి కావలసి వచ్చి. తొమ్మిదో రోజు ఉదయం ఆరూ యాభై రెండుకు ఒక నీటికాకి వచ్చి ఫీడర్ పక్క గెడ మీద వాలింది. రెక్కలు ఆరబెట్టుకోలేదు. నీళ్ళ వైపే చూస్తూ కూర్చుంది. పన్నెండో రోజుకు ఏడు పిట్టలు. ఇరవయ్యో రోజుకు గెడలు చాలక నీళ్ళ మీద తేలుతూ ఎదురుచూస్తున్నాయి. ఏడయ్యేసరికి చేపలన్నీ ఫీడర్ కిందకు చేరాయి. పిట్టలన్నీ ఒక్కసారి మునిగాయి. నా స్పీకర్ పిలిచింది, నా మోటారు వడ్డించింది. ఇరవై ఏడో రోజున మోగే వేళకు ఫీడర్ దగ్గర నీళ్ళు కదలలేదు. మిగిలిన చేపలు కూడా నాకంటే ముందే తెలుసుకున్నాయి.

మర్నాడు వరలక్ష్మి గారికి లాప్‌టాప్ చూపించాను. ఆమె రెండుసార్లు చూశారు.

"ఇది మీ దగ్గర ఎప్పట్నుంచి ఉందండి?"

"వల వేసిన రోజుకే ఉందండి."

"అయితే నా నోటి మాట మీరు ఆపగలిగేవారన్నమాట," అన్నారు. తర్వాత చెప్పులు వేసుకున్నారు. "పదండి. ఇద్దరం కలిసి అన్నాం. ఇద్దరం వెళ్దాం."

పోతురాజు గారు ఇంటి ముందు తెగిన వల అల్లుకుంటున్నారు. ఆయన భార్య మంగమ్మ గారు లాప్‌టాప్ చూసి, "ఇప్పుడు సినిమా చూపిత్తానికొచ్చారా అండి?" అన్నారు. ఇద్దరికీ కుర్చీలు మాత్రం వేశారు.

ఆయన వీడియో శ్రద్ధగా చూశారు. నా వైపు గాని, వరలక్ష్మి గారి వైపు గాని చూడలేదు. "ఇదుగో, ముందొచ్చింది. ఇది ముసలిదండి. దీన్ని చూసి మిగతావి మరిగాయి," అన్నారు. తర్వాత నన్నడిగారు. "మీరు చదువుకున్నారు కదండి. పిట్టకి ఇంత తెలివి ఎలా వచ్చిందంటారు?"

నాకు తెలిసింది చెప్పాను. లక్షల ఏళ్ళుగా చేప ఎక్కడ, ఎప్పుడు దొరుకుతుందో కనిపెట్టిన పిట్టలు బతికి పిల్లలను పెంచాయి, కనిపెట్టలేనివి పస్తుండి పోయాయి. పిట్ట కదలికను పసిగట్టిన చేపలు మిగిలాయి, మిగతావి మిగల్లేదు. ఒకదాని తెలివి ఇంకోదాని తెలివిని పెంచుకుంటూ వచ్చింది. మనిషి తెలివి కూడా ఇలా బతకడానికి పడ్డ పాట్లలోనే పెరిగిందంటారు.

"అంటే ఆకలేనండి," అన్నారాయన. "నాదీ అంతే. నా వేళ వాటికి తెలియకూడదని ఇరవై ఏళ్ళు తిరిగాను. ఒకరోజు అవి గెలిచేయి, ఒకరోజు నేను గెలిచేవాణ్ణి. మీ మిషనుకి ఆకలి లేదు కదండి, దానికేం తెలుస్తాది?"

వరలక్ష్మి గారు తల దించుకునే అన్నారు. "తప్పు నాదే పోతురాజూ. పనిలోకి రా."

"కోపం లేదండి అమ్మగారండి. కానీ రానండి. రేపు ఇంకో నాలుగు పిల్ల తగ్గితే మళ్ళీ నా మొహమే చూస్తారు. మీరు చూడకపోయినా, చూశారేమోనని నాకుంటాది."

"మరి వేరే చెరువుల్లో?" అని నేను అడిగాను.

మంగమ్మ గారు లోపలి నుంచి జవాబిచ్చారు. "అక్కడికి ఆ రోజే మాట వెళ్ళిపోయిందండి. మీ సినిమా ఇంకా వెళ్ళలేదు."

ఇప్పుడు మా ఫీడర్లలో మేత రోజూ ఒకే వేళకు కాకుండా, రెండు గంటల వ్యవధిలో ఎప్పుడో ఒకప్పుడు పడేలా ప్రోగ్రాం రాసి ఉంటుంది. "క్రమం లేదు" అని నేను గీత గీసిన పద్ధతే అది. ఏ చెరువుకు వెళ్ళినా ముందు మేత వేసే మనిషితో మాట్లాడి, ఆయన చెప్పింది ఆయన మాటల్లోనే రాసుకుంటాను. కార్డు తీసిన రోజే పూర్తిగా చూస్తాను. చూడకపోతే చూడలేదంటాను. ఈ కేసు నాకు నేర్పినవి ఇవే. నేర్చుకోవడానికి అయిన ఖర్చు మాత్రం ఇంకొకరు పెట్టుకున్నారు.

ఆ జనవరిలో నేను లాప్‌టాప్ పట్టుకుని పద్నాలుగు చెరువులకు వెళ్ళి, దొంగతనం జరగలేదని, తప్పు నాదని చెప్పాను. పద్నాలుగు మందీ వీడియో చివరిదాకా చూశారు. పోతురాజు గారిని పనికి పిలిచినవారు ఇద్దరు.